గాలి సోకిన మాట

రుయా ఆసుపత్రి. మొగోళ్ళ వార్డులో కిటికీ పక్క మంచం నాది.
నలభై ఏండ్లు కాళహస్తి గుడిలో సన్నాయి ఊదిన రొమ్ము
ఇప్పుడు నాలుగు మెట్లెక్కితే చాలు
చిల్లుపడిన కొలిమితిత్తి మాదిరి బుసకొడతాది.

పక్క మంచం జెకర్యా అయ్యోరిది.
చిత్తూరు తట్టు యాడనో పాదిరీలకు యూదుల బాస చెప్పినాడంట.
ముక్కులో పైపు, ఒళ్ళో నోటుబుక్కు.
"కోదండం, ఈ ఆసుపత్రి పేరేంది?"
"రుయా గదా సామీ."
నవ్వినాడు. నవ్వు దగ్గయింది. దగ్గు తగ్గినాక
"రూఆహ్ అంటే ఆ బాసలో గాలి.
ఊపిరన్నా అదే మాట, ఆత్మన్నా అదే.
ఇది ఎవరిదో ఇంటిపేరు, దానికీ దీనికీ పొత్తు లేదు.
అయినా ఆ బోర్డు కింద ఆటో దిగితే నాకు ఒళ్ళు జలదరించింది."

ఒక మాటలో మూడు ఎట్ల పట్టినాయని నేనడగలా.
మిట్టమధ్యాన్నం వంక కాడ ఒంటిగా తిరిగొచ్చిన పిల్లకు
"గాలి సోకిండాది" అని మా అవ్వ యాపమండ తెమ్మనింది.
అది ఆకుల్ని కదిలించే గాలి కాదని
మాకెవురూ విడమర్చి చెప్పబళ్ళేదు.

"గాలి ఆ బాసలో ఆడది" అన్నాడు ఇంకోనాడు.
"మనకు మాత్రం?
మా ఇంటిది వచ్చింది, గాలి వచ్చింది.
రెండూ ఒకే రావడం గదా."
అయ్యోరు పెన్సిలు తీసి అది రాసుకున్నాడు.

చివరి అక్షరం గొంతులో గీరుకోవాలంట.
నేను గీరితే నర్సు నాగరత్నం పరిగెత్తుకొచ్చి
మూతికి మాస్కు తగిలించింది.

ప్రాణానికి ఇంకో మాట ఉండాది, నెఫెష్.
మొదట్లో దానర్థం గొంతే.
దప్పిగొనేది, మింగేది, పిసికితే పోయేది.
నేను తలగడ కింద డబ్బీ తెరిచి సన్నాయి పీక చూపిస్తి.
"మాకూ అంతే సామీ. గొంతూ పీకే, ఇదీ పీకే.
నోట్లో నానందే పలకదు."

ఇటుకలు కోసే బానిసలకు ఒకాయన విడుదల కబురు తెచ్చినాడంట.
వాళ్ళ చెవికెక్కలేదంట, ఊపిరి పొట్టిదైపోయి.
నేను గమ్మునుండిపోతి.
బట్టీలో కూలి పెంచుతారంటరా అంటే
ఊఁ అనడానికి ఓపికలేని మా తమ్ముడు కండ్లలో మెదిలినాడు.

ఇంకోటి కూడా చెప్పినాడు.
యూదులు పొద్దున్నే లేస్తానే దేవుడికి దండం చెప్తారంట,
రాత్రి తాకట్టు పెట్టిన ప్రాణాన్ని తిరిగిచ్చినందుకు.
"వడ్డీ లేకుండానా?" అంటి.
"అదే గదా కోదండం, అదే గదా."

ఒక రాత్రి కరెంటు పోయింది.
ఆయన తలకాడ సీసాలో నీళ్ళు గుడగుడమంటా ఉండాయి.
"ఇన్నావా? మొదట ఇంతేనంట.
చీకటి, నీళ్ళు, నీళ్ళ మీద ఆమె."
కొంచేపు ఆగి, దొంగతనంగా అడిగినట్టు,
"మీ గుడిలో దీపం ఊగతాదంటనే. నేనెప్పుడూ లోపలికి రాలేదు."
"గాలి దూరే సందు లేదు సామీ, అయినా ఊగతాది.
శ్రుతి నేను దానికిస్తా ఉండానో, అది నాకిస్తా ఉండాదో
నాకు ఇంతవరకూ తెలీదు."
లైట్లు వచ్చినాయి. ఇద్దరం వేరే తట్టు చూసినాం.

పన్నెండో దినం నేను లేచేసరికి
సీసాలో నీళ్ళు కదలకుండా ఉండాయి. దుప్పటి మార్చినారు.
ఇంటికా, ఐసీయూకా, ఇంకోచోటికా,
నాగరత్నాన్ని అడగాలని నోరు తెరిచి
ఆ చివరి అక్షరం గీరినాను.
ఆ పిల్ల ఈసారి మాస్కు తేలేదు.

ఇంక ఊదొద్దన్నాడు డాక్టరు.
కాళహస్తి బస్సు. ఏర్పేడు దాటినాక కిటికీ అద్దం జరిపితి.
ఆమె వచ్చింది.
డబ్బీ తీసి పీక నోట్లో పెట్టుకుంటి.
ఊదేదానికి కాదు,
నాననీ అని.